గొంగడి మీద చెప్పిన మాట

"తిను బావా. నువ్వు పస్తుంటే నా కొడుకు జైల్ల నుంచి రాడు."

బీరమ్మ జొన్న గటుక గిన్నెను మల్లప్ప ముందు కాస్త గట్టిగానే పెట్టింది. సల్ల తొణికి అరుగు మీద ఒలికింది. మల్లప్ప గిన్నె వంక చూడలేదు. పొద్దున కోర్టు బంట్రోతు ఇచ్చిపోయిన సమన్ కాగితాన్ని తలపాగ మడతలో దోపుకుని, మంద పోయిన దారి వంకే చూస్తూ కూర్చున్నాడు. అక్షరం ముక్క రాని మనిషే గాని, ఆ కాగితంలో ఏముందో ఆయనకు ఎవరూ చదివి చెప్పనవసరం లేదు. తమ్ముడి కొడుకు ఐలేశం మీద నల్లగొండ సెషన్స్ కోర్టులో నడిచే ఖూనీ కేసులో, సర్కారు తరఫున వచ్చి సాక్ష్యం చెప్పమన్నారు.

"తినను బీరమ్మా," అన్నాడు. "గీ ఇంటి బువ్వ తిని గీ ఇంటి పిల్లగాని మెడకు తాడు తగిలియ్యలేను."

"తగిలియ్యమని ఎవలన్నరు? వినలేదని చెప్పు."

"విన్న."

"చెవుడున్నదని చెప్పు. ముసలోనివి, ఎవలు కాదంటరు?"

"బండారి ముట్టి చెప్పిండు బీరమ్మా వాడు. బీరప్ప ముంగట చెప్పిండు. నేను నిలబడి విన్న."

పొద్దుటి నుంచి ఈ మాట దగ్గరికి వచ్చి ఇద్దరూ ఆగిపోతున్నారు. ఆమె తల్లి, ఆయన గొర్లు కాచే కురుమల కులపెద్ద. ఇద్దరిలో ఎవరూ తప్పు మాట్లాడడం లేదు, అదే అసలు కష్టం.

కురుమల్లో పెద్ద తప్పు జరిగితే నల్ల గొంగడి పరుస్తారు. తప్పు చేసినవాడు చెప్పులు విడిచి పక్కన పెట్టి, దాని మీదికి ఎక్కి, కులదేవుడు బీరప్ప పసుపును, అదే బండారిని, గుప్పిట పట్టి జరిగింది జరిగినట్టు చెప్పాలి. వాడు చెప్పులు విడవగానే కులపెద్ద లేచి నిలబడాలి. కూర్చుని వింటే ఆ మాటను అవమానించినట్టు. దగ్గర ఉండేది కులపెద్ద, నష్టపోయిన మనిషి, చెప్పేవాడి తల్లో తండ్రో. మిగతా జనమంతా మాట వినపడనంత దూరంలో ఉండిపోతారు. చెప్పేవాడి పరువు కోసం ఏనాడో ఎవరో పెట్టిన మర్యాద అది. ఆ తరువాత నష్టపోయినవాళ్ళు సరేనంటే అందరూ ఒక్క బంతిలో కూర్చుని అన్నం తింటారు. ఇక ఆ సంగతి మళ్ళీ ఎవరూ ఎత్తకూడదు.

ఐలేశం కోసం ఆ గొంగడి పరిపించింది బీరమ్మే.

కొట్లాట చాలా చిన్నదానికి వచ్చింది. ఎరువు కోసం గొర్రెల మందను వాళ్ళ మెట్ట చెలకలో పెడతానని ఐలేశం, అదే ఊరి అజీజా బేగం కొడుకు మక్సూద్‌కు మాటిచ్చాడు. ఇచ్చి, వేరేవాళ్ళ చెలకకు తోలాడు. మక్సూద్ అడ్డంపడ్డాడు. మాటా మాటా పెరిగింది, కర్ర లేచింది. భువనగిరి దవాఖానలో మక్సూద్ కన్ను తెరవకుండానే పోయాడు. తల మీద రెండు గాయాలున్నాయి. ఒకటి కర్ర దెబ్బ అన్నాడు డాక్టరు. రెండోది పడ్డప్పుడు రాయి తగిలిందేమో, చెప్పలేనన్నాడు. చూసినవాళ్ళు లేరు. అది రాయి కాదని నేరుగా తెలిసినవాళ్ళు ఈ లోకంలో నలుగురే. కొట్టిన ఐలేశం, గొంగడి దగ్గర విన్న మల్లప్ప, అజీజా బేగం, బీరమ్మ.

"బావా, పోలీసోల్లు అడిగినప్పుడు నువ్వు ఏం చెప్పినవ్?"

"గొంగడి మీద నిలబడ్డడని చెప్పిన. ఏమన్నడో చెప్పలే. గది కోర్టుల చెప్పుమన్నరు."

"మరి కోర్టుల సుత ఊకో."

"ఊకుంటే ఊకోనిస్తరా?"

గుమ్మంలో కూర్చుని గింజలు చెరుగుతున్న సుక్కమ్మ చేట ఆపింది. ఐలేశం భార్య ఆమె. మొగుణ్ణి పోలీసులు పట్టుకుపోయిన నాటి నుంచి అత్తతో మాట్లాడలేదు. వండుతుంది, పెడుతుంది, నీళ్ళు తెస్తుంది. ఆ ఇంట్లో కోడలి గాజుల చప్పుడు తప్ప గొంతు వినపడి చాలా కాలమైంది.

"పెద్దమామను ఎందుకు సతాయిస్తవత్తా?" అంది ఇవాళ, తల ఎత్తకుండానే. "ఒక్క దెబ్బనే అని ఆయన ఆగిండు. అంతా చెప్పు బిడ్డా అని చెప్పిచ్చింది నువ్వే."

 గటుక మీద ఈగలు ముసురుకుంటున్నా బీరమ్మ తోలలేదు. కోడలు అన్నది అక్షరాలా నిజం. ఆ నిజం మోయలేకనే కదా ఆమె ఇందాకటి నుంచి ముసలాయన మీద పడి అరుస్తున్నది.

"లే బావా," అంది చివరికి. "తినకుంటే తినకపోతివి. భువనగిరి పోదాం. వకీల్ సాబ్‌నే అడుగుదాం."

*

ఐలేశం తరఫు వకీలు రామచంద్రయ్య ఇల్లు భువనగిరి కోట గుట్ట నీడలోనే ఉంది. లండన్‌లో చదివి వచ్చినవాడని ఊరంతా గౌరవం. నిజాం జమానాలో ఉర్దూలో వాదించాడు, ఇప్పుడు ఇంగ్లీషులో వాదిస్తున్నాడు. మంచివాడే. ఒక్కటే బలహీనత, ఏ దేశపు కోర్టు సంగతైనా చుట్టాలింటి ముచ్చట చెప్పినట్టు చెప్పుకుంటూ పోతాడు. ఎదుటివాడు వినే స్థితిలో ఉన్నాడా లేదా అన్నది ఆయనకు పట్టదు.

"వకీల్ సాబ్," అంది బీరమ్మ నేల మీద కూర్చుంటూనే. "సచ్చిపోయిన పిల్లగాని తల్లే మాఫ్ చేసింది. మా బంతిల కూసోని బువ్వ తిన్నది. ఇంకా గీ కేసు ఎవలది?"

"సర్కారుది."

"సచ్చింది సర్కారు కొడుకా?"

రామచంద్రయ్య కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. ఇంత సూటిగా ఆయనను ఎవరూ అడిగినట్టు లేదు.

"మీ ఇద్దరి నడుమ జరిగింది మీ ఇద్దరిది గాకుంట పోయిందమ్మా," అన్నాడు. "మన చట్టంల ఖూనీ అంటే సర్కారు మీద చేసిన తప్పు. తల్లి మాఫ్ చేసినా, తండ్రి మాఫ్ చేసినా, సర్కారు మాఫ్ చేసినట్టు గాదు."

"మరి పీర్ మహమ్మద్ గట్ల చెప్పలే గదా."

పీర్ మహమ్మద్ అజీజా బేగం అన్న. మక్కా పోయి వచ్చిన హాజీ. ఆ దేశంలో ఖూనీ చేసినవాణ్ణి కత్తి కిందికి తెచ్చాక కూడా, చచ్చినవాడి తల్లిదండ్రులు మాఫ్ అన్నారంటే వదిలేస్తారని ఆయన ఊళ్ళో చెప్పాడు. ఆ మాట బీరమ్మ చెవిన పడింది. కులంలోనూ అదే పద్ధతి, మక్కాలోనూ అదే పద్ధతి, ఇక నల్లగొండలో మాత్రం వేరే ఎందుకుంటుంది అనుకుంది. ఇంత పెద్ద నమ్మకం పెట్టుకోవడానికి ఆమెకు దగ్గరున్న ఆధారం అదే. పోలీసులు వెతుకుతున్న కొడుకును గుట్టల్లో నుంచి పిలిపించి గొంగడి ఎక్కించింది. కలిసి తిన్న ఎంగిలి చేతులు కడుక్కోకముందే పోలీసులు వచ్చి వాణ్ణి బంతిలో నుంచి లేపుకుపోయారు.

"హాజీ సాబ్ అబద్ధం చెప్పలే," అన్నాడు వకీలు. "అరబ్ దేశంల గట్లనే. ఆడ చచ్చినోని వారసులకే ఆ హక్కు. ఇంగ్లీషోని దేశంల రాణి పేరు మీద కేసు నడుస్తది. పన్నెండు మంది మామూలు మనుషులు కూసుంటరు. దుకాణపోడు, కమ్మరోడు, ఎవలైనా సరే. తప్పు చేసిండా లేదా అన్నది వాల్లే చెప్పాలె. ఫ్రాన్సుల మల్ల ఇంకో తీరు. ఆడ ఒక జడ్జే మొదటి సంది విచారిస్తడు. చెలకకు పోతడు, రాయి చూస్తడు, కర్ర చూస్తడు, ముద్దాయిని తానే కూసోబెట్టి మల్ల మల్ల అడుగుతడు. మన జిల్లాల పన్నెండు మంది లేరు, చెలకకు పోయే జడ్జి సుత లేడు. పోలీసోల్లు తెచ్చింది చూసి, సాక్షులు చెప్పింది విని..."

"నా కొడుకు గీ దేశంల పుట్టిండు వకీల్ సాబ్," అంది బీరమ్మ.  "ఆ దేశాల ముచ్చట నాకెందుకు?"

వకీలు సిగ్గుపడ్డాడు. 

"అయితే గీ దేశం ముచ్చటే చెప్త విను. ఐలేశం పోలీసోల్ల ముంగట నూరు సార్లు ఒప్పుకున్నా మన కోర్టు చెవిన పెట్టది. కొట్టి చెప్పిచ్చిండ్రేమో అని అనుమానం. కోర్టుల ముద్దాయికి ప్రమాణం సుత పెట్టరు. నోరు తెరువకుంట నిలబడినా తప్పు లేదు. కని ఎవలూ కొట్టకుంట, తిట్టకుంట, కులం ముంగట తనంత తాను చెప్పిండు గదా, గది చెల్లుతది. విన్నోల్లు వచ్చి గట్లనే చెప్తే చాలు."

బీరమ్మ ఆ మాటను మనసులోనే కిందా మీదా వేసుకుంది. 

"పోలీసోల్లు కొట్టి చెప్పిస్తే చెల్లది. తల్లి బతిలాడి చెప్పిస్తే చెల్లింది. గంతేనా?"

రామచంద్రయ్య బల్ల మీది పుస్తకాన్ని మూసి పక్కకు జరిపాడు. 

అంతవరకూ గోడకు ఆనుకుని నిలబడ్డ మల్లప్ప ఒక అడుగు ముందుకు వేశాడు. "వకీల్ సాబ్, అన్ని దేశాలల్ల పెద్దనాయిన తన తమ్ముని కొడుకు మీద సాక్ష్యం చెప్పాల్సిందేనా?"

"లేదు పెద్దమనిషీ. జర్మనీ దిక్కు దగ్గరి చుట్టానికి ఆ బలవంతం లేదు. తండ్రి, అన్న, పెద్దనాయిన, వీల్లు మేం చెప్పం అని చెప్పకుంట పోవచ్చు. జడ్జి ఏమనడు. మన దగ్గర మొగుడు పెండ్లాం నడుమ మాటకే ఆ మినహాయింపు. పెద్దనాయినకు లేదు."

"అబద్ధం ఆడకుంట ఊకుండొచ్చునా ఆడ?"

"ఊకుండొచ్చు."

"గా దేశం ఎంత దూరముంటది?"

నవ్వే మాట కాదది. రామచంద్రయ్య కూడా నవ్వలేదు. చాలా దూరం, సముద్రం దాటి పోవాలని మెల్లగా చెప్పాడు. మల్లప్ప తలూపి మళ్ళీ గోడకు ఆనుకున్నాడు.

"ఇగ ఉన్నదున్నట్టు చెప్త," అన్నాడు వకీలు. "రెండో దెబ్బ మాట కోర్టుల రాకుంటే, కొట్లాటల ఒక్క దెబ్బ పడ్డది, రాయి తగిలింది అని వాదిస్త. కొన్నేండ్లు జైలు పడ్తది, పిల్లగాడు బతుకుతడు. ఆ మాట వచ్చిందా, కింద పడ్డోన్ని కొట్టినట్టు. ఉరి గావచ్చు. అబద్ధం చెప్పుమని నేను ఎవలకూ చెప్పను, గది నా నోట రాదు. ఏది చెప్తే ఏమైతదో చెప్పిన."

"అజీజమ్మ వచ్చి నేను మాఫ్ చేసిన అని జడ్జికి చెప్తే?" బీరమ్మ కళ్ళలో ఆశ మెరిసింది. "ఆ తల్లే గట్లంటే జడ్జికి జాలి పుట్టదా?"

రామచంద్రయ్య కంగారుగా చెయ్యి ఊపాడు. "వద్దే వద్దు. మాఫ్ చేసిన అని ఆమె అన్నదనుకో. సర్కారీ వకీల్ లేచి, ఏం మాఫ్ చేసినవమ్మా అని అడుగుతడు. అప్పుడు ఏం చెప్తది?"

*

అజీజా బేగం ఇంటి వాకిలికి గోనెపట్ట పర్దా ఉంటుంది. బీరమ్మ ఆ పర్దా ఎత్తేసరికి లోపల దండెం మీద నల్ల బురఖా ఆరుతున్నది. అంచు చిరిగితే అజీజా దగ్గర కూర్చుని కుట్టుకుంటున్నది. ఆలేరు స్టేషన్ దాటి ఎరగని మనిషి. నల్లగొండ కోర్టుకు, తన మాటలో అదాలత్‌కు, పోవడానికి సిద్ధమవుతున్నది.

"రా అక్కా. కూసో."

కొడుకును చంపినవాడి తల్లిని రా, కూర్చో అనడం ఎవరికి సాధ్యం? అజీజాకు సాధ్యమైంది. ఆ మంచితనం చూస్తే బీరమ్మకు ఇంకా భయం వేసింది. తిట్టి వెళ్ళగొడితే అడగవలసిన మాట అడగడం తేలికయ్యేది.

"నాకు సుత సమన్ వచ్చింది అక్కా. నేను పోత. జడ్జ్ సాబ్ ముంగట మాఫ్ చేసిన అని నా నోటితోని చెప్త. మా భాయిజాన్ అన్నడు, నలుగురిల చెప్తేనే అది మాఫ్. నీ కొడుకును ఇడిసిపెట్టుమని చెయ్యెత్తి అడుగుత."

"చెప్పకు చెల్లె."

సూది ఆగింది.

"మాఫ్ చేసిన మాట ఎత్తకు. గొంగడి మాట ఎత్తకు. నేనేం వినలేదని చెప్పు. వకీల్ సాబ్ అన్నడు, నువ్వు మాఫ్ అంటే ఏం మాఫ్ అని అడుగుతరట. అడిగితే ఆ రెండో దెబ్బ మాట బయటవడ్తది. నువ్వు మంచికని నోరు తెరిస్తే నా కొడుకు మెడకు తాడు వడ్తది."

అజీజా బురఖాను ఒళ్ళోకి లాక్కుంది.   

"అయితే నా బిడ్డ రాయి తాకి సచ్చిండని చెప్పాల్నా?"

"తెలువదని చెప్పు."

"తెలువకముందు నాకు కన్ను మూతవడలే అక్కా. ఎట్ల పోయిండు, ఏం మాట అన్నడు, అమ్మీ అని పిలిచిండా, ఏది తెలువక పిచ్చిదాని లెక్క తిరిగిన. నీ కొడుకు గొంగడి మీద నిలబడి, పడ్డంక సుత కొట్టిన అన్నడు. నా పానం పోయినట్టయింది. కని తెలిసింది. ఏడ్చిన, ఏడ్చి మాఫ్ చేసిన. ఇప్పుడు నాకేం తెలువదంటే, నేను దేన్ని మాఫ్ చేసినట్టు?"

బీరమ్మ దగ్గరికి జరిగి ఆమె రెండు చేతులూ పట్టుకుంది. సూది గుచ్చుకున్నా వదలలేదు.

"నా ఒక్క కొడుకు చెల్లె."

"నాకు సుత ఒక్కడే ఉండె."

ఆ మాటలో కోపం లేదు. కోపం ఉన్నా బాగుండేది. బీరమ్మ చేతులు వాటంతట అవే జారిపోయాయి.

"నాడు వచ్చి మాఫ్ చెయ్యుమన్నవు, చేసిన," అంది అజీజా.  "ఇయ్యాల వచ్చి ఆ మాఫ్‌ను దాచిపెట్టుమంటున్నవు. ఒక్క తల్లిని ఎన్ని అడుగుతవక్కా?"

బీరమ్మ లేచింది. పర్దా దగ్గరికి పోయాక వెనక నుంచి అజీజా పిలిచింది.

"అక్కా. అదాలత్ల అల్లా పేరు మీద ఒట్టు పెట్టిస్తరంట, నిజమేనా?"

"పెట్టిస్తరట."

"అయితే నన్ను ఏం అడుగకు. ఆడికి పోయినంక నా నోట్లకెళ్ళి ఏది వస్తదో నాకే తెలువది."

*

నల్లగొండకు పొద్దున పోయే బస్సు ఒక్కటే. అందుకని ఒకరి ముఖం ఒకరు చూడలేనివాళ్ళంతా అందులోనే ఎక్కవలసి వచ్చింది. ముందు అజీజా బేగం, పక్కన పీర్ మహమ్మద్. వెనక బీరమ్మ, సుక్కమ్మ. మల్లప్ప సీటు ఉన్నా కూర్చోకుండా కడ్డీ పట్టుకుని నిలబడే వచ్చాడు. సమన్ వచ్చిన నాటి నుంచి ఆయన సరిగా తినడం లేదు. దవడలు లోపలికి పోయి తలపాగ పెద్దదయినట్టు కనిపిస్తున్నాడు.

కోర్టు వసారాలో జవాన్ల నడుమ ఐలేశాన్ని కూర్చోబెట్టారు. సుక్కమ్మ ఒక జవానును బతిమాలి మొగుడి కిర్రు చెప్పులు ఇచ్చింది. ఇంట్లో ఉండగా ఆముదం రాసి మెత్తగా చేసి తెచ్చింది. వాడు వాటిని తొడుక్కుని అటూ ఇటూ కదిపి చూసుకున్నాడు. ఆ కిర్రుమన్న చప్పుడుకు బీరమ్మకు ఏడుపు ముంచుకొచ్చింది.

"అవ్వా, జడ్జి సాబ్ అడిగితే ఏమనాలె?" అని తల్లిని అడిగాడు.

"వకీల్ సాబ్ చెప్పిండు గదా బిడ్డా. ఒప్పుకోను అను. గంతే. ఇంకో మాట మాట్లాడకు."

"తర్వాత?"

"తర్వాత సాక్షులను పిలుస్తరు."

ఐలేశం వసారా చివరన ఉన్న బెంచీ వంక చూశాడు. ఒక కొసన మల్లప్ప, ఇంకో కొసన అజీజా బేగం. నడుమ నలుగురు పట్టేంత జాగా ఖాళీగా ఉంది.

"పెద్దనాయిన గింత బక్కగైండేంది?"

"పానం మంచిగ లేదు," అంది బీరమ్మ తొందరగా.

సుక్కమ్మ ఒప్పుకోలేదు. "నీ మీద సాక్ష్యం చెప్పాల్నని తింటలేడు. చెప్తే నువ్వు పోతవు. చెప్పకుంటే బండారి మీద అబద్ధమాడినట్టు. ఆ అజీజమ్మ సుత గంతే. ఆమెను మీ అవ్వ పోయి, మాఫ్ చేసిన మాట సుత చెప్పకుమని అడిగింది."

"నోర్ముయ్యే!" బీరమ్మ కసిరింది.

"ఎందుకు మూసుకోవాలె? ఆయనకు తెలువొద్దా?"

ఐలేశం ఇద్దరినీ చూశాడు. భార్య మీద గాని తల్లి మీద గాని వాడికి కోపం వచ్చినట్టు లేదు. మళ్ళీ ఆ బెంచీ వంకకు తల తిప్పి, లోపలికి రమ్మని జవాను భుజం తట్టేదాకా అటే చూస్తూ ఉండిపోయాడు.

సాక్షులను పిలిచేదాకా లోపలికి రానివ్వరు. కాని బోను గుమ్మానికి ఎదురుగానే ఉంది, తలుపులు బార్లా తీసి ఉన్నాయి. బోనులో నిలబడ్డవాడికి వసారాలో బెంచీ, బెంచీ మీదివాళ్ళకు బోను, రెండూ కనిపిస్తాయి. సమన్ రాని బీరమ్మ, సుక్కమ్మ లోపల గోడ పక్కన ఒదిగి కూర్చున్నారు. జడ్జి వచ్చాడు. అందరూ లేచారు, మళ్ళీ కూర్చున్నారు. గుమాస్తా అభియోగం తెలుగులో చదివాడు. ఫలానా ఊరి చెలకలో, మక్సూద్ అనే మనిషిని, చంపాలన్న ఉద్దేశంతో, కర్రతో తల మీద కొట్టి...

కొడుకు చేసిన పనిని అంత శుభ్రమైన గొంతుతో చదువుతుంటే బీరమ్మకు అది ఎవరి సంగతో అనిపించింది.

"ఈ నేరం ఒప్పుకుంటున్నావా?" అని అడిగాడు గుమాస్తా.

రామచంద్రయ్య ముద్దాయి వంక చూసి, ఊఁ, చెప్పు అన్నట్టు కనుసైగ చేశాడు. నేర్పిన మాట ఒక్కటే. అది అనేస్తే మిగతాది ఆయన చూసుకుంటాడు.

ఐలేశం అనలేదు. గుమ్మంలోంచి బయటికి చూశాడు. తరువాత తల్లిని వెతుక్కున్నాడు.

ఆ చూపు బీరమ్మకు తెలుసు. నాడు గొంగడి మీద కూడా, ఒక్క దెబ్బ కొట్టిన, పడ్డడు, అని ఆగిపోయి, సరిగ్గా ఇట్లాగే తల్లి వంక చూశాడు. ఇంకా ఏదో మిగిలిందని ఆమెకు అర్థమైంది. తల ఊపింది. చెప్పు బిడ్డా, అంతా చెప్పు, పాపం పోతది అంది. తల్లి చెప్పిందని చెప్పాడు. చిన్నప్పటి నుంచీ వాడంతే, ఆమె ఊఁ అంటే తప్ప చెయ్యడు.

అంటే ఇవాళ కూడా ఆమె చేతిలోనే ఉంది.

బీరమ్మ తల అడ్డంగా ఊపింది. ఒకసారి కాదు, కొంగు జారిపోయేలా, పక్కనున్న సుక్కమ్మ అదిరి చూసేలా ఊపింది. వద్దు, వద్దు, వద్దు. జడ్జి చూస్తే చూడనీ. అబద్ధమైతే కానీ. బీరప్పకు ఆ పాపం తానే మోస్తుంది. మల్లప్ప అబద్ధమాడనీ, అజీజా ఆడనీ, ఈ లోకంలో అందరూ ఆడనీ, తన బిడ్డ మాత్రం నోరు తెరవకుండా బతకాలి. ఆమె మనసులో అంతకంటే ఇంకేమీ లేదు.

ఐలేశం ఆమె వద్దనడం చూశాడు. బాగా చూశాడు. చూసి, పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి ఆమె మాట విననట్టుగా ముఖం తిప్పుకున్నాడు.

"ముద్దాయీ, నిన్నే. ఒప్పుకుంటున్నావా, లేదా?" గుమాస్తా మళ్ళీ అడిగాడు.

ఐలేశం కిందికి వంగాడు. కాలికి ముల్లు గుచ్చుకుందేమో అనుకుని రామచంద్రయ్య విసుగ్గా చూశాడు. సర్కారీ వకీలు కాగితాలు తిప్పుకుంటున్నాడు. జడ్జి కలం పట్టుకుని జవాబు కోసం ఎదురు చూస్తున్నాడు. వాడు చెయ్యబోయేదానికి వాళ్ళు చదువుకున్న ఏ చట్టంలోనూ అర్థం రాసి లేదు.

వాడు ఒక చెప్పు విడిచాడు. రెండోది కూడా విడిచాడు. రెంటినీ జత చేసి, బోను కమ్మీల మధ్య నుంచి బయటికి తోసి పెట్టాడు. నాడు గొంగడి మీద నిలబడ్డట్టే, ఉత్త కాళ్ళతో నిటారుగా నిలబడ్డాడు.

"బిడ్డా!" అని అరవబోయి బీరమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది. 

గుమ్మం అవతల కులపెద్ద మల్లప్ప బెంచీ మీది నుంచి లేచి నిలబడ్డాడు.